సేటు ఎంచిన వీరుడు

ఇప్పటి పిల్లలకు చెబితే నమ్మరు గానీ, కంప్యూటర్ ఉన్న గదిలోకి జనం చెప్పులు బయట విడిచి వచ్చే కాలం ఒకటి ఉండేది. ఆ కాలం చివరి రోజుల్లో నేను మిర్యాలగూడలో ఒక రైస్ మిల్లులో కంప్యూటర్ ఆపరేటర్‌గా చేరాను. మాది నేరేడుచర్ల దగ్గర పల్లె. ఇంట్లో గొర్రెలు, ఇంటి చుట్టూ గొర్రెలు. డిగ్రీ అయిందనిపించుకుని, ఏదో కంప్యూటర్ కోర్సు చేసి, ఆ సర్టిఫికెట్‌కు లామినేషన్ చేయించుకున్న మొనగాణ్ణి నేను (కోర్సు కంటే లామినేషన్ శ్రద్ధగా చేయించాను). వేబ్రిడ్జి పక్కనున్న కాంటా గదిలో కూర్చుని, ధాన్యం ట్రాక్టరు వచ్చి నిలబడగానే బరువు చూసి చీటీ తీసి ఇవ్వడం నా పని. హమాలీలు నన్ను 'కంప్యూటర్ సారు' అని పిలిచేవాళ్లు. మీసం సరిగ్గా రాని వయసులో అంతకంటే ఏం కావాలి? నడక కూడా మార్చుకున్నాను.

అయితే ఆ ఉద్యోగం ఇంకా నాది కాలేదు. మిల్లు యజమాని, అందరూ సేటు అని పిలిచే పెద్దమనిషి, చేరిన రోజే తేల్చి చెప్పాడు. వరికోతలు మొదలయ్యేదాకా చూస్తానని, అప్పటికి నచ్చితే ఉంచుకుంటానని, నచ్చకపోతే ఎవరి దారి వాళ్లదని. అక్కడ కుదరకపోతే వచ్చి మంద వెనక నడవమని మా నాయన కూడా అంతే స్పష్టంగా చెప్పాడు. గొర్రెలంటే నాకు కోపమేమీ లేదు. కానీ మా అమ్మ అప్పటికే కొడుకు ఆఫీసర్ అయ్యాడని ఊరంతా చెప్పుకొచ్చింది. ఆ తర్వాత కర్ర పట్టుకుని ఎదురుపడితే జనం సంగతి అలా ఉంచండి, గొర్రెలే నవ్వేట్టున్నాయని నా భయం.

కోతలకు ముందు మిల్లులో పని ఉండదు. ఊక కుప్పల మీద పిచ్చుకలకు ఉన్నంత పని కూడా నాకు ఉండేది కాదు. అలాంటి రోజుల్లో మా మేనమామ కొడుకు, నాకు బామ్మర్ది వరస, నన్ను చూడటానికి వచ్చాడు. వాడు కోదాడలో ఇంజినీరింగ్ చదివేవాడు (చదివేవాడు అనడం మర్యాద కోసం). వస్తూ వస్తూ ఒక సీడీ తెచ్చి మిల్లు కంప్యూటర్లో ఒక ఆట ఎక్కించాడు. కోటలు, రాక్షసులు, కత్తులు, మంత్రాలు. మహా మహా ఆటగాళ్లే తల పట్టుకునే ఆటట. వెళ్లేముందు వాడు చెప్పిన ముక్క నాకు ఇప్పటికీ గుర్తుంది.

"బావా, మొదట్లోనే ఒకణ్ణి ఎంచుకోవాలి. ఆలోచించి ఎంచుకో. తర్వాత మార్చడానికి ఉండదు. తప్పుగా ఎంచుకున్నావంటే ఇక ఆటంతా ఏడుపే."

ఇంటర్లో ఏ గ్రూపు తీసుకోవాలో తేల్చేటప్పుడు కూడా నాకు ఎవరూ ఇంత జాగ్రత్త చెప్పలేదు. భయంభయంగా ఆట తెరిస్తే తెర మీద ఆరుగురు వరసగా నిలబడి ఉన్నారు. ఒంటినిండా ఇనుప కవచం వేసుకున్నవాడు, విల్లు పట్టుకున్నవాడు, గడ్డం మంత్రగాడు, ముఖానికి గుడ్డ కట్టుకున్న దొంగ, గాయాలు మాన్పే పూజారి. చివర గోచీ కట్టుకుని చేతిలో దుడ్డుకర్రతో ఒకడు. ఎవరికెంత బలముందో, ఎంత తెలివుందో, ఎంత అదృష్టముందో బొమ్మల కింద రాసి ఉంది. చదువుకున్నవాణ్ణి గనుక నేను మరో ఆలోచన లేకుండా మంత్రగాణ్ణి తీసుకున్నాను. ఆట మొదలైన చోటనే ఒక చెక్క వంతెన, దాని మీద ఒక రాక్షసుడు. నా మంత్రగాడు చేతులెత్తి మంత్రం పూర్తిచేసేలోగా రాక్షసుడు గద ఒక్కసారి తిప్పాడు. అంతే. ఆ వంతెన దాటేదాకా ఆ ఆట మనల్ని మనిషిగా లెక్కలోకే తీసుకోదు. చచ్చిన ప్రతిసారీ తీసుకొచ్చి మళ్లీ ఆ ఆరుగురి ముందే నిలబెడుతుంది.

ఆ విధంగా నేను ఆట ఆడటంలో కాక ఆటగాణ్ణి ఎంచుకోవడంలో ఆరితేరాను. మధ్యాహ్నం అన్నాలు తిన్నాక హమాలీలు కిటికీ దగ్గర చేరి సలహాలు ఇచ్చేవాళ్లు. హమాలీల మేస్త్రీకి మొదటినుంచీ కవచం వాడి మీదే గురి. మనిషన్నాక ఆ మాత్రం కట్టు ఉండాలనేవాడు. ఆ కవచం వాడు వంతెన మీద మూడడుగులు వేసి ఆయాసపడి చచ్చిపోయినప్పుడు మేస్త్రీ చాలా బాధపడి, వాడు మంచోడేగానీ నడిపేటోడే, అంటూ నా ముఖం చూసి మిగతా మాట మింగేశాడు. దొంగ, విలుకాడు, పూజారి కూడా ఆ వంతెన మీదే కాలం చేశారు. గోచీ వాడి జోలికి మాత్రం ఎవరమూ పోలేదు. వాణ్ణి చూస్తే ఆట చేసినవాళ్లు వేళాకోళానికి పెట్టినట్టే ఉండేవాడు.

ఇక సేటు గురించి ఒక మాట చెప్పాలి. ఆయనకు ఎంపికలో గొప్ప పేరు. గుప్పెడు వడ్లు అరచేతిలో రుద్ది, ఒక గింజ కొరికి, తేమ ఎంతో మిషన్ కంటే ముందు చెప్పేవాడు. ఎవరైనా బర్రెను కొనాలన్నా, పెళ్లికొడుకును చూడాలన్నా ఆయన్ను వెంట తీసుకెళ్లేవాళ్లు (రెండింటినీ ఆయన ఒకే రకంగా, చుట్టూ తిరిగి చూస్తాడని మేస్త్రీ చెప్పేవాడు). తన ఎంపిక ఇంతవరకు తప్పలేదని రోజుకోసారైనా అనకుండా ఉండేవాడు కాదు. ఎక్కడైనా నాలుగు వస్తువులు వరసగా కనబడితే చాలు, అందులో ఏది మంచిదో తేల్చందే ఆయన కాలు కదలదు.

అలాంటి మనిషి ఒక మధ్యాహ్నం చప్పుడు లేకుండా కాంటా గదిలోకి వచ్చాడు. తెర మీద ఆ ఆరుగురూ నిలబడి ఉన్నారు. కిటికీ దగ్గరి హమాలీలు ఎలా మాయమయ్యారో దేవుడికే తెలియాలి. ఆట మూసేద్దామని ఏ మీట నొక్కినా ఆ ఆరుగురిలో ఎవడో ఒకడు ముందుకు వచ్చి దండం పెడుతున్నాడు. నా కళ్లముందు మా మంద, మంద వెనక నేను కనబడ్డాం.

"గీ ఆరుగురు ఎందుకు నిలబడ్డరు?" అన్నాడు సేటు.

ఒకణ్ణి తీసుకోవాలని, తీసుకున్నాక మార్చడానికి ఉండదని, వాడితో వంతెన దాటాలని చెప్పాను. తిడతాడనుకుంటే, జరగమని నా కుర్చీలో తాను కూర్చున్నాడు. అద్దాలు తుడిచి పెట్టుకున్నాడు. ఇక మొదలైంది ఇంటర్వ్యూ. కవచం వాణ్ణి చూసి, ఇంత ఇనుము మోసుకుంటే ఇక పనేం చేస్తాడని పక్కన పెట్టాడు. మంత్రగాడి మంత్రాలు అయిపోతే ఎట్లా అని అడిగాడు. చేతికర్రతో కొట్టాలని చెప్పాను. కొట్టగలడా అన్నాడు. కొట్టలేడన్నాను. దొంగ దగ్గర ఆగనేలేదు, దొంగ అని బోర్డు పెట్టుకుని వచ్చినవాడికి మిల్లు తాళాలు ఎవరిస్తారన్నాడు. విలుకాడు ఎప్పుడూ దూరంగా నిలబడి పనిచేస్తాడని విని, అలాంటి గుమస్తా ఒకడు తనకు ఇప్పటికే ఉన్నాడన్నాడు. పూజారి పక్కవాళ్ల గాయాలు మాన్పుతాడని చెబితే, పక్కన ఎవరుంటారని అడిగాడు. ఎవరూ ఉండరు, ఒక్కడే వెళ్లాలి అన్నాను. సేటు నా వైపు జాలిగా చూశాడు.

"గీ చివరోడు?"

"వాడు ఏం లేనోడు సేటు. ఏం రాదు. కర్ర తప్ప ఏం తెచ్చుకోలే."

"వీన్ని తీస్కో."

ఎంత భయమున్నా నాకు నవ్వు ఆగలేదు. "ఏం రానోణ్ణి ఎవరన్న తీసుకుంటరా సేటు?"

"నిన్ను తీస్కోలేదా?"

ఆయన వెక్కిరించలేదు. లెక్క చెప్పినట్టే చెప్పాడు. ఈ పనికి నాతోపాటు వచ్చి, ఆయన కాదన్నవాళ్లలో ఒకడు కీబోర్డు చూడకుండా టైపు చేసేవాడట, ఇంకొకడు కోదాడలో మిల్లు లెక్కలు చూసి వచ్చినవాడట. "ఏమన్న వచ్చినోడు ఆ వచ్చిందే చేస్తడు బిడ్డా. రానోడైతే మనం చెప్పింది చేస్తడు. జర నేర్సుకుంటడు." కిటికీ కింద నుంచి ఎవరో గొంతు సవరించుకున్న చప్పుడైంది. మాయమయ్యారనుకున్న హమాలీలందరూ అక్కడే కూర్చుని ఉన్నారు. నా లామినేషన్ సర్టిఫికెట్ మెరుపంతా ఒక్క క్షణంలో పోయింది. నిజం చెప్పాలంటే కళ్లలో నీళ్లు తిరిగాయి.

ఏడవడానికి కూడా సేటు తీరిక ఇవ్వలేదు, ఆడమన్నాడు. గోచీ వాణ్ణి తీసుకుని వంతెన ఎక్కాను. రాక్షసుడు గద తిప్పాడు. గోచీ వాడు మిగతావాళ్ల కంటే తొందరగా పోయాడు. సేటు "గంతేనా?" అన్నాడు. గంతే అన్నాను. మళ్లీ ఆడమన్నాడు. మళ్లీ గంతే. ముఖం గంటు పెట్టుకుని లేచి వెళ్లిపోయాడు.

అసలు తంటా అప్పుడు మొదలైంది. మర్నాడు మధ్యాహ్నం ఆయన మళ్లీ వచ్చి, వాడు దాటిండా అని అడిగాడు. ఆ తర్వాతి రోజూ అంతే. ఎంపిక తప్పడం ఆయనకు అలవాటు లేదు, అందులోనూ హమాలీల ఎదుట. నాకు ఇంకో లెక్క మెల్లగా అర్థమైంది. ఏమీ రానివాణ్ణి తీసుకోవడం ఆయన పద్ధతి. ఆ పద్ధతితో ఇద్దర్ని తీసుకున్నాడు, ఆ గోచీ వాణ్ణీ నన్నూ. వాడు రోజూ ఇలాగే చస్తూ ఉంటే, పద్ధతే తప్పని ఆయనకు ఏదో ఒక రోజు తోచక మానదు. అప్పుడు నా గతేంటి? కోతలు దగ్గరపడుతున్నాయి. కోదాడకు ఫోన్ చేస్తే బామ్మర్ది పగలబడి నవ్వి, గోచీ వాణ్ణి తలపండిన ఆటగాళ్లు తప్ప ఎవరూ ముట్టుకోరని చెప్పి ధైర్యం ఇచ్చాడు.

ఇంక దాచడానికి ఏముంది, ఉద్యోగం నిలుపుకోవడానికి నేను ఆఫీసు వేళల్లో ఒళ్లు దాచుకోకుండా ఆట ఆడాను. ఎన్నిసార్లు చచ్చానో నాకూ, ఆ రాక్షసుడికీ తెలియదు. ఒక రోజు విసుగొచ్చి మీటలు వదిలేసి ఊరికే ఆ రాక్షసుణ్ణి చూస్తూ కూర్చున్నాను. గద ఎత్తేముందు వాడు రెండడుగులు వెనక్కి వేస్తున్నాడు. ఇది నేను ఎక్కడో చూశాననిపించింది. మా పొట్టేలు కూడా కుమ్మేముందు అట్లాగే వెనక్కి తగ్గుతుంది. తగ్గిందంటే ఇక దూకుతుంది, దూకాక పక్కకు తిరగలేదు. చిన్నప్పుడు దాని ముందు నుంచి పక్కకు తప్పుకోవడం రాక నేను తిన్న దెబ్బలు తక్కువేమీ కాదు. ఈ సంగతి నేను ఏ సర్టిఫికెట్‌లోనూ రాసుకోలేదు.

ఆ మధ్యాహ్నం సేటు వచ్చే వేళకు కిటికీ నిండా హమాలీలు. రాక్షసుడు వెనక్కి తగ్గాడు. నా గోచీ వాడు పక్కకు జరిగాడు. రాక్షసుడు వచ్చిన ఊపులో వంతెన అంచు దాటి నీళ్లలో పడ్డాడు. బరువేమీ లేనివాడు గనుక నావాడు అవతలి ఒడ్డుకు పరుగెత్తాడు. మేస్త్రీ తలపాగా తీసి ముఖం తుడుచుకున్నాడు. సేటు అందరి వైపూ తిరిగి, నేను ముందే చెప్పలేదా అన్నట్టు చూశాడు. అప్పుడు తెర మీద కొత్త ప్రశ్న ఒకటి వచ్చింది. వంతెన దాటినవాడు ఇప్పుడు ఏ విద్య నేర్చుకోవాలో ఎంచుకోమంది. కత్తి, విల్లు, మంత్రం, వైద్యం, ఏదైనా సరే. సేటు అద్దాలు సవరించుకుని ముందుకు వంగాడు. సరిగ్గా అప్పుడే బయట ట్రాక్టరు హారన్ కొట్టింది. ఆ సీజన్‌లో మొదటి వడ్ల లోడు.

"ఇగ దీన్ని తీసెయ్," అంటూ సేటు లేచాడు. గుమ్మం దగ్గర ఆగి, "కోతలయ్యేదాక ఇంటికి పోతనని అడగకు," అన్నాడు.

అదే నా ఉద్యోగం ఖాయమైన కబురు. ఆ మొదటి లోడుకు చీటీ నేనే తీశాను. ఆట ఆ సాయంత్రమే తీసేశాను. ఆ మిల్లులో చాలా ఏళ్లు చేశాను. బిల్లులు, పన్నులు, బ్యాంకు లెక్కలు, అన్నీ సేటు చెప్పింది చెప్పినట్టు చేస్తూ నేర్చుకున్నవే.

ఇప్పుడు సూర్యాపేటలో నాకు సొంతంగా చిన్న ఆఫీసు ఉంది. కొన్ని మిల్లుల లెక్కలు చూస్తాను. అప్పుడప్పుడు పని కోసం పిల్లలు వస్తారు. వాళ్లను వరసగా కూర్చోబెట్టి ఏమేం వచ్చో అడుగుతాను, అన్నీ వచ్చినవాణ్ణి తీసుకుంటాను. మొన్న ఒకడు వచ్చాడు. ఏమొచ్చని అడిగితే, చెబితే నేర్చుకుంటా సార్ అన్నాడు. కబురు చేస్తానని చెప్పి పంపించేశాను, చెయ్యలేదు. మెట్లు దిగి వెళ్తున్న వాడి వీపు చూస్తుంటే సేటు గుర్తొచ్చాడు. ఆ మనిషికి ఎంత ధైర్యం ఉండేదో అప్పుడు తెలిసింది. ఆనాటి నేను ఆ సర్టిఫికెట్ పట్టుకుని ఈ ఆఫీసుకు వచ్చి ఉంటే, నేను నన్ను తీసుకునేవాణ్ణి కాదు. నవ్వొచ్చింది గానీ, ఆ నవ్వు పూర్తిగా నవ్వలేకపోయాను.