వంటగదిలో నా వెనక

దయ్యాల ముచ్చట్లు తీస్తే మా బాపు కోప్పడేవాడు. చేవెళ్లలో మాది ప్రార్థన చేసుకుని పడుకునే ఇల్లు. పెళ్లయి, పాప పుట్టాక కూడా అలాంటివి నేనెన్నడూ నమ్మలేదు. ఇది చదివి ఎవరైనా నమ్మాలని కూడా రాయడం లేదు.

మా ఆయనకు చందనవెల్లిలో ఫ్యాక్టరీ ఉద్యోగం. పాప బడి కోసం మొయినాబాద్‌లో కిరాయికి దిగాం. కొత్త ఇల్లే, వెలుతురు బాగుండేది. ఆయన డ్యూటీకి, పాప బడికి వెళ్లాక ఇంట్లో నేనొక్కదాన్నే.

పొయ్యి ముందు నిలబడితే చాలు, వెనక ఎవరో చూస్తున్నట్టు మెడ జివ్వుమనేది. తిరిగితే ఎవరూ ఉండరు. మిగతా గదుల్లో ఏమీ లేదు, వంటగదిలోనే. కొన్నాళ్లకు గోడకు వీపు ఆనించి కూరగాయలు తరగడం అలవాటైంది. బీపీ ఏమోనని దవాఖానలో చూపించుకున్నాను. అంతా బాగానే ఉందన్నారు. ఒంటరిగా ఉంటే అలాగే అనిపిస్తుందన్నాడు మా ఆయన. నేనూ అదే అనుకున్నాను.

మా వంటగది కిటికీకి ఎదురుగా పక్కింటి స్వరూప వాళ్ల పెరడు. ఒకరోజు నేను బయట గిన్నెలు కడుగుతుంటే, బట్టలు ఆరేస్తూ గోడ మీంచి పలకరించింది.

"మీ అత్తమ్మకు గంత కోపమా అక్కా? నువ్వు వంట చేస్తున్నంతసేపు ఎనకనే నిలవడి చూస్తది. జర కూసోమనరాదు?"

మా అత్తమ్మ నా పెళ్లికి ముందే చనిపోయింది. ఆ మాట చెబితే స్వరూప చేతిలో తడి చీర అలాగే ఉండిపోయింది.

లోపలికి పోక తప్పదు. పొయ్యి మీద పప్పు ఉంది.

"నువ్వు ఈడనే ఉండు స్వరూపా. నేను పోయి నిలవడ్త, చూడు" అని చెప్పి వెళ్లాను.

గరిటె పట్టుకున్నాను. మెడ దగ్గర ఏమీ అనిపించలేదు. ఆ ఇంట్లోకి వచ్చాక అదే మొదటిసారి. ప్రాణం కుదుటపడి కిటికీలోంచి స్వరూప వైపు చూశాను.

ఆమె నన్ను చూడటం లేదు. నా భుజం పక్కకు చూస్తోంది. చీరను గుండెకు అదుముకుని మెల్లగా వెనక్కి నడుస్తోంది.

పొయ్యి ఆర్పకుండానే బయటికి వచ్చేశాను. ఏం కనిపించిందని స్వరూపను అడిగాను.

"ఉన్నది అక్కా. ఇయ్యాల నిన్ను చూస్తలేదు. నన్ను చూసింది."

ఆ నెలలోనే ఇల్లు ఖాళీ చేసి చేవెళ్ల వచ్చేశాం. ఇక్కడ నాకు మళ్లీ అలా అనిపించలేదు.

మొన్న స్వరూపకు ఫోన్ చేశాను. పొడిపొడిగా మాట్లాడింది. ఏం చేస్తున్నావంటే వంట అంది. గొంతు తగ్గించి అడిగింది.

"అక్కా, గప్పుడు వంట చేస్తుంటే నీకు ఎట్ల అనిపిస్తుండె?"

ఎందుకు అడుగుతున్నావని నేను అడగలేకపోయాను. అదేమిటో, నన్నెందుకు వదిలిందో నాకిప్పటికీ తెలియదు.