వాకిలి వైపు వ్యాయామం

పార్టీల పేరుతో పల్లెలు నరుక్కుంటున్న రోజులవి. మోకాళ్ల నొప్పులున్న ఆడవాళ్లు ఇంట్లోనే టీవీ ముందు చేసుకుంటారని, ప్రొద్దుటూరులో పెళ్లి వీడియోలు తీసేటాయనతో నేను నేర్పే తేలిక వ్యాయామాల వీడియో క్యాసెట్ తీయించినాను. "కుర్చీలో కూచోండి, కండ్లు మూసుకోండి, మెల్లగా గాలి పీల్చండి" అని అందులో తియ్యగా చెప్పినాను.

పులివెందుల దగ్గర పల్లెలో ఒక పెద్దామె క్యాసెట్ తిరిగి నా చేతిలో పెట్టింది.

"టీవీ చూడాలంటే వాకిలికి వీపు పెట్టాల. పైగా కండ్లు మూసుకోమంటాండావు. మా ఆయన్ను అట్ల కూచున్నప్పుడే నరికినారు, తల్లీ."

ఒళ్లు మండింది, ఆమె మీద కాదు, నా తియ్యటి గొంతు మీద. మళ్లీ తీయించినాను. ఈసారి "వాకిలి వైపు తిరగండి, కండ్లు తెరిచే ఉంచండి, నా మాట వింటే చాలు" అన్నాను.

ఆ క్యాసెట్ ఊరూరా తిరిగింది. అందులో నా ముఖం చూసినోళ్లు మాత్రం ఒక్కరూ లేరు.