ఎవరిదని అడగని నంబరు

పైడయ్యకి పట్టిన గతి పగవాడికి కూడా వద్దు. మద్దిలపాలెంలో ఇంటర్నెట్ సెంటర్లు వీధికొకటి పుట్టుకొస్తున్న రోజులవి. ఎక్కడ నెట్ ఆగినా అతన్నే పిలిచేవారు. వచ్చి కంప్యూటర్‌లో ఒక నంబరు కొట్టేవాడు: నాలుగు, రెండు, రెండు, రెండు. అంతే, నెట్ వచ్చేసేది.

మంత్రమేమీ కాదు. మనం సైటు పేరు కొడతాం, కంప్యూటర్లకేమో నంబర్లు కావాలి. ఏ పేరుకి ఏ నంబరో చెప్పే మెషీన్ ఒకటి ఉండాలి. మనకి నెట్ ఇచ్చేవాళ్ల మెషీన్ సగం రోజులు పడకేసేది. ఈ నంబరుగల మెషీన్ ఎవరడిగినా పలికేది, గుర్తుపెట్టుకోవడమూ సులువు. అలా ఊరంతా పాకిపోయింది. అదెవరిదని ఒక్కడు అడిగితే ఒట్టు!

పోర్టు దగ్గర ఓడల సరుకు విడిపించే చలమయ్య గారి క్లియరింగ్ ఆఫీసులో టెంపరరీగా చేరి, అక్కడా పైడయ్య అదే పెట్టాడు. ఉగాదికి ఉద్యోగం పర్మినెంట్ చేస్తానని ఆయన మాటిచ్చాడు. పైడయ్య ప్రాణమంతా ఆ మాట మీదే. ఎలమంచిలిలో ఖాళీగా తిరుగుతున్న బావమరిది సాయిశంకర్‌ని తెచ్చి, పని నేర్పి, చలమయ్యని బతిమాలి అక్కడే పెట్టించాడు. పిచ్చిమారాజు!

అంతలో పెద్ద టెండరు చేజారింది. మన రేటు అవతలివాడికెలా తెలిసిందని చలమయ్య చిందులు తొక్కాడు. సాయిశంకర్ ఆ నంబరు ఎవరి పేరున ఉందో నెట్‌లో వెతికి ఆయనకి చూపించాడు. ఏదో అమెరికా కంపెనీ.

"మన కంప్యూటర్లన్నీ రోజంతా దీన్నే అడుగుతన్నాయి సార్. ఎట్టింది మా బావే," అన్నాడు. అందులో అబద్ధం ఒక్క ముక్క లేదు. అదీ వాడి నేర్పు.

చలమయ్య పైడయ్యని పిలిపించాడు. "ఎవరిదయ్యా ఈ నంబరు?"

"నాకు తెల్దు బాబూ. ఊరంతా ఇదే కొడతన్నారు."

"ఎవరిదో తెలియకుండానే నా ఆఫీసుని వాళ్ల చేతిలో పెట్టావా?"

"పేరడిగితే నంబరు సెప్తాది, అంతే బాబూ. మన కాయితాలు దాని కాడికి ఎల్లవు. ఒరే శంకరూ, నీకు నేర్పినాను గదరా, నువ్వైనా సెప్పరా!"

సాయిశంకర్ తలెత్తలేదు. "నువ్వెట్టమంటే ఎట్టినాను బావా. లోపలేటవుద్దో నాకేటి తెలుసు?"

ఆ పూటే పైడయ్యని గెంటేశారు. రేటు వాగింది తాగిన మైకంలో చలమయ్య తమ్ముడేనని తర్వాత తేలింది. అయినా ఒక్కరూ పైడయ్యని మళ్లీ పిలవలేదు. సిగ్గులేని జన్మలు! బావమరిది చేసింది భార్య రాణికి చెబితే, తమ్ముడి మీద ఏడుస్తున్నావని ఆమె మండిపడింది.

ఉగాదికి సాయిశంకర్ పర్మినెంటయ్యాడు. స్వీట్ల పెట్టెతో అక్క ఇంటికొచ్చాడు. రాణి మురిసిపోతూ ఒక లడ్డూ తీసి మొగుడి చేతిలో పెట్టింది.

"నువ్వు నేర్పిన పనే గదా," అంది. "మరి ఆ ఉద్యోగం నీకెందుకు రానేదు?"