స్వీడన్ దొరగారింట్లో ఆత్మశాంతి భజన

బతికున్న మనిషి ఆత్మశాంతికి భజన చేయించిన ఘనుణ్ణి మీరెప్పుడైనా చూశారా? ఇదిగో, చూడండి.

అప్పట్లో అరబ్బు దేశంలో, అబూ హలీఫా అనే ఊళ్ళో ఓ ఆరంతస్తుల భవనానికి నేను హారిస్‌ని. అంటే కాపలా కాయడం, మెట్లు ఊడవడం, నీళ్ళు రాకపోతే తిట్లు తినడం. కోనసీమ నుంచి వచ్చి ఆర్నెల్లయింది. శుక్రవారం అబ్బాసియాలో మా భజన మండలికి వెళ్తేనే నాలుగు తెలుగు మాటలు. మిగతా ఆరు రోజులూ నాతో మాట్లాడేది లిఫ్టు ఒక్కటే, అదీ అరబీలో.

నాలుగో అంతస్తులో ఓ స్వీడన్ దొర ఉండేవాడు. భార్య ఇక్కడ స్కూల్లో టీచరు. రోజూ సాయంత్రం వాళ్ళ తలుపు వెనకనుంచి వయొలిన్ ఏడుపు వినబడేది. మెట్లమీద కూర్చుని వినేవాణ్ణి. నా తరఫున ఎవరో ఏడ్చిపెడుతున్నట్టు హాయిగా ఉండేది. అది విన్నాకే నాకు అన్నం సహించేది.

ఇలా ఉండగా దొరసాని కనబడ్డం మానేసింది. వయొలిన్ ఏడుపు రెట్టింపయింది. చిన్నప్పటినుంచీ పురాణాలు విని పండిన బుర్ర కదండీ, వెంటనే తేల్చేసింది. దొరసాని పోయింది, దొర ఆర్తుడు. ఆర్తుడి గుమ్మానికి దేవుడే పరుగెత్తుతాడు, మనమెంత?

మా మండలి పెద్ద సుబ్బారావుగారు, అల్ రాయ్‌లో కార్ల మెకానిక్. ఆయనకి చెప్పాను.

"పోయిందని నువ్వు అడిగేవా?"

"ఏడ్చేవాణ్ణి ఎలా అడుగుతామండీ, పాపం."

"ఆయ్, అదీ నిజమే. పద."

శుక్రవారం ఎనిమిదిమందిమి హార్మోనియం, తాళాలు, గిన్నెడు పులిహోరతో దిగాం. దొర కాదనడం తెలియని మనిషి, లోపలికి రానిచ్చాడు. గంటసేపు నామసంకీర్తన చేశాం. సుబ్బారావుగారు దొర భుజం నిమిరి, "ఆవిడ వైకుంఠంలో సుఖంగా ఉందని చెప్పు" అన్నారు. నా ఇంగ్లీషులో అందించాను: "మేడమ్ హెవెన్. వెరీ హ్యాపీ."

దొర కళ్ళు చిట్లించాడు. "హెవెన్ కాదు. స్వీడన్. సెలవులకి వాళ్ళమ్మ దగ్గరికి వెళ్ళింది."

"మరి ఆ ఏడుపు, సార్?"

"అది నా ఉద్యోగం."

కుర్రతనంలో చర్చిలో ఆర్గాన్ వాయించాడట. తర్వాత బిస్కెట్ల ప్రకటనలకి బాణీలు కట్టాడట. ఆపైన పదేళ్ళు పోలీసు సీరియళ్ళు, శవం దొరికినప్పుడల్లా ఈయన సంగీతమే. నాలుగు సినిమాలయ్యాక, ఇప్పుడు మళ్ళీ ఓ టీవీ సీరియల్. ఆ వయొలిన్ కూడా కంప్యూటర్లోంచే మోగుతుందట.

"ఇందులో ఎవరు పోతారు సార్?"

"మూడో భాగంలో కుక్క."

తెలుగులో చెప్పాను. సుబ్బారావుగారు నెమ్మదిగా, "చచ్చిపోద్దా?" అన్నారు.

మళ్ళీ దొరని అడిగి చెప్పాను. "లేదటండీ. తప్పిపోద్దట. నాలుగో భాగంలో దొరుకుద్దట."

ఆయన నావైపు చూసిన చూపుకి హార్మోనియం తనంతట తానే మూసుకుంది.

దొర కోప్పడలేదు. కోప్పడినా బాగుండేది. మర్నాడు కిందికొచ్చి, "నా సంగీతం నిన్నింత బాధపెడుతోందని తెలీదు. ఇకనుంచి హెడ్‌ఫోన్లు పెట్టుకుంటాను. నీకు ఒక్క స్వరం కూడా వినబడదు" అన్నాడు.

వద్దు సార్, వినబడనివ్వండి అనాలి. సిగ్గు నోరు నొక్కేసింది. "థాంక్యూ సార్" అన్నాను.

మాట మీద నిలబడే మనిషి. ఆ సాయంత్రం మెట్లమీద గంటసేపు కూర్చున్నాను. తలుపు ఒట్టి తలుపులాగే ఉంది.

అందుకే ఏడుకొండలవాడి సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఓదార్పు కావలసింది వాళ్ళకో నాకో తేల్చుకోకుండా, ఈ జన్మలో మరే గుమ్మానికీ తాళాలు పట్టుకుని వెళ్ళను.