బొగ్గు రాక్షసుడి వేషం మార్చడానికి భూపాలపల్లి దాకా

సుజాత ఫోన్ చేసినప్పుడు నేను జనగామలో మా ఇంట్లో పప్పు తాలింపు వేస్తున్నాను. "అక్కా, రమ్య బడి మానేసింది. వాళ్ల బాపు పంపనంటున్నడు. నువ్వొచ్చి మాట్లాడకుంటే పిల్ల చదువు ఆగిపోతది" అంది. తాలింపు మాడింది, ప్రయాణం ఖాయమైంది.

సుజాతా నేనూ సైన్సు టీచర్లం. ఆమెది భూపాలపల్లి బడి. భూమి ఎందుకు వేడెక్కుతోందో పిల్లలకు ఆటపాటలతో చెప్పాలని మేం కొందరం పూనుకున్నాం. సుజాత పాఠాన్ని నాటకం చేసింది. అందులో బొగ్గు రాక్షసుడికి ముఖాన మసి, నెత్తిన అట్టతో చేసిన గని కార్మికుడి టోపీ. చివర్లో చీపురుతో కొట్టి రాక్షసుణ్ని తరిమే పాత్ర రమ్యది. ఆమె తండ్రి సమ్మయ్య గని కార్మికుడే. ముందు వరుసలో కూర్చుని చూశాడట. కన్నకూతురు ఆ టోపీ మీద చీపురు దెబ్బలు వేస్తుంటే చుట్టూ జనం చప్పట్లు కొట్టారు. గనుల ఊళ్లో ఆ వేషం వేయించాలని ఎలా తోచిందమ్మా నీకు అని సుజాతను ఫోన్లోనే కడిగేశాను.

తెలంగాణ ఉద్యమం ఊరూరా ఉరకలు వేస్తున్న రోజులవి. శనివారం బంద్. శుక్రవారమే తిరుగుబస్సు ఎక్కకపోతే ఇరుక్కుపోతాను. పైగా గురువారం మహబూబాబాద్‌లో ఇదే పాఠం చెబుతానని మాటిచ్చాను. అందుకే ముందు అటు, తర్వాత భూపాలపల్లి.

గురువారం పొద్దున ఏడింటి ప్యాసింజరు ఎక్కాను. ఒళ్లో రెండు గాజు సీసాలు. ఎదురు సీటు పెద్దాయన వాటినే చూస్తూ "ఏం తొక్కు పెడతవు బిడ్డా?" అన్నాడు.

"ఎండ తొక్కు, పెద్దనాయినా."

"ఇగ గదొక్కటే తక్కువున్నది" అని ఆయన మళ్లీ కళ్లు మూసుకున్నాడు.

మహబూబాబాద్ బడిలో ఆ సీసాలు ఎండలో పెట్టాను. ఒకదానికి మూత ఉంది, ఒకదానికి లేదు. మూతపెట్టిన దానిలో వేడి ఎక్కువైందని పిల్లలే థర్మామీటరు చూసి అరిచారు. పొగ కూడా భూమికి అలా మూత పెడుతుందని చెప్పాను. అప్పుడు తండా నుంచి వచ్చే జ్యోతి లేచింది. "టీచర్, మా యాడి కట్టెల పొయ్యి మీదనే వండుతది. అంటే మా అమ్మ చెడ్డదా?"

"వండిన అన్నం ఎవరు తింటరు?"

"అందరం."

"అయితే పొగ కూడా అందరిదే. చెడ్డతనం ఒక్కరి నెత్తిన పెట్టొద్దు."

పిల్ల ముఖం వికసించింది. సమ్మయ్యకు చెప్పాల్సిన జవాబు నాకు అక్కడే దొరికింది. ఆ రాత్రి లెక్కల టీచరమ్మ ఇంట్లో జొన్నరొట్టె, చింతకాయ తొక్కు తిని హాయిగా నిద్రపోయాను.

శుక్రవారం తెల్లవారి రైల్లో వరంగల్, అక్కణ్ణుంచి హనుమకొండ బస్టాండులో భూపాలపల్లి బస్సు. పరకాలలో ఆగిపోయింది. నడిరోడ్డు మీద పొయ్యిలు, గుండిగలు. నిరసనకు రోడ్డు మీదే వండి అందరికీ పెట్టే వంటావార్పు. కండక్టరే ముందు దిగి పళ్లెం పట్టాడు. నాకు వడ్డించినతను "తిను అక్కా. బొగ్గు మనది, వెలుగు ఎవ్వలికో. రేపు రాష్ట్రమొస్తే అదంత మనదే" అన్నాడు. అన్నం బాగుంది గానీ ఆ మాట మింగుడు పడలేదు. రాష్ట్రమొస్తే బొగ్గు మనదని ఊరంతా పాడుతుంటే, అదే బొగ్గు భూమిని కాలుస్తోందని చెప్పడానికి పోతున్నదాన్ని నేను!

భూపాలపల్లి చేరేసరికి మూడు దాటింది. సుజాతా నేనూ నేరుగా రమ్య వాళ్ల క్వార్టర్‌కు వెళ్లాం. సమ్మయ్య అప్పుడే షిఫ్టు దిగి వచ్చాడు. స్నానం చేసినా కళ్ల అంచున బొగ్గు కాటుకలా మిగిలింది. రమ్య తలుపు చాటు నుంచి చూస్తోంది.

"సినిమాలల్ల మన మాట రౌడీలకు పెట్టిరి. గిప్పుడు మీ బడిల నా ముఖం రాక్షసునికి పెట్టిరా, టీచరమ్మా? గదీ నా బిడ్డతోని కొట్టిస్తరా?" అన్నాడు. సుజాత ఏడ్చేసింది.

"వేషం తప్పే అన్నా, వంద సార్లు తప్పే. కానీ పాఠం తప్పు కాదు. బొగ్గు కాలిస్తే భూమి వేడెక్కుతది. నువ్వు కోపం చేసినా గది నిజమే" అన్నాను.

"అయితే గని మూయాల్నా? ఏం తిని బతకాలె?"

"రేపే మూయమంటలేను. రమ్య పెద్దదయ్యేసరికి ఇంకో తీరు వెలుగు రావాలె. గది కనిపెట్టేటోళ్లు బడికి పోవాలె గదా! నీ బిడ్డను గనిల దింపనీకే చదివిస్తున్నవా?"

ఆయన తలుపు చాటునున్న రమ్య వైపు చూశాడు. "దింపనీకి కాదు" అన్నాడు. "గా ఆట మల్ల ఆడుండ్రి. నేను చూస్త. గప్పుడు చెప్త."

సాయంత్రం బడి ముంగిట మళ్లీ జనం చేరారు. ఈసారి రాక్షసుడు లేడు. రమ్య చేతికి మసి పళ్లెం ఇచ్చి నడిమధ్యన నిలబెట్టాం. "బొగ్గు కాలిస్తేనే కరెంటు. ఇంట్ల బల్బు ఉన్నోళ్లు రాండ్రి" అని పిలిచింది. పిల్లలంతా ఎగబడ్డారు. ఒక్కొక్కరి బుగ్గన మసి చుక్క పెట్టింది. "ఫ్యాను? టీవీ?" పెద్దసారు వచ్చారు, సుజాత వచ్చింది, నేనూ బుగ్గ చాపాను. అంతా నవ్వులే. చివరికి రమ్య తండ్రి ముందు ఆగింది. పిల్ల పళ్లెం వెనక్కి తీసుకుని "నీకొద్దు బాపూ. అందరిదీ నువ్వే రోజు పూసుకొస్తున్నవు" అంది.

సమ్మయ్య కూతుర్ని దగ్గరికి లాక్కుని భోరుమన్నాడు. తర్వాత కండువాతో ముఖం తుడుచుకుని "బంద్ అయినంక బడికొస్తది" అన్నాడు సుజాతతో. ఈ మాట కోసం ఎంత దూరమైనా పోవచ్చు.

ఆఖరి బస్సు దొరికింది. మీరెవరైనా ఇటు వస్తే బంద్ ఎప్పుడో కనుక్కుని బయల్దేరండి. పక్క సీటులో బురఖా వేసుకున్న ముసలమ్మ, పరకాలలో కూతురింటికి పోతోంది. నన్ను చూసి దస్తీ తీసింది. "ముఖానికి ఏందది బిడ్డా? జర తుడుచుకో."

"ఉండనీ అమ్మా. మా ఇంట్ల కాలే కరెంటు మసి. అందరం పెట్టుకున్నం" అని కథంతా చెప్పాను.

ఆమె దస్తీ మడిచి సంచిలో పెట్టుకుంది. నా బుగ్గ మీద వేలు రాసి, ఆ మసిని తన బుగ్గకు అద్దుకుంది.

"మా ఇంట్లనూ బల్బున్నది బేటీ" అంది.