శంకరప్ప కండువా ముడి

శంకరప్పకు ఒక్కటే పిచ్చి. ఎవరు ఎక్కడికి బయలుదేరినా "చూసి రా, చేసి రాకు" అనకుండా వదలడు. నిజానికి అది వికారాబాద్ జంక్షన్‌లో కాలం బండి ఎక్కేవాళ్ల కోసం పెద్దలు చెప్పిన సామెత. పాత రోజులకు పోయి చూడవచ్చు గానీ అక్కడ గడ్డిపోచ కూడా కదపకూడదు. మిగతా గైడ్లకు అది టికెట్ వెనక అచ్చు వేసిన ముక్క. శంకరప్పకు వేదవాక్కు.

ఒకసారి భార్య ఇంద్రమ్మ వంకాయలు తెమ్మంటే బజారంతా తిరిగి ఖాళీ సంచితో వచ్చి, వంకాయలు మస్తుగున్నాయని చెప్పాడు. ఆ పూట ఇంద్రమ్మ ఖాళీ కంచం ముందు పెట్టి, "చూసి లెవ్వు" అంది.

బండి ఎక్కేముందు ప్రయాణికులందరి చేతా చేతులు కట్టించేవాడు. తన చేతులకైతే ఎర్రంచు కండువా చుట్టి, పళ్లతో లాగి ముడి వేసుకునేవాడు. ఆ తమాషా చూడటానికే జనం బషీరాబాద్ నుంచి కూడా వచ్చి ఆయన బండి కోసం కాచుకునేవాళ్లు.

అదే యాకోబు కడుపుమంట. అతనూ గైడే, ఇరవై నాలుగేళ్ల సర్వీసు. తాండూరు నాపరాళ్ల చరిత్ర తేదీలతో సహా అప్పజెప్పగలడు. అయినా అతని బండిలో సగం సీట్లకు ఈగలే ప్రయాణికులు. పళ్లతో ముడి వేసుకునేవాడికి దండలు, చరిత్ర చదివినవాడికి ఈగలు! పైగా పెద్ద గైడ్ పోస్టు ఖాళీ అయింది. అది శంకరప్పకేనని స్టేషనంతా ముందే తేల్చేసింది.

ఇంతలో శంకరప్ప, గైడ్లకు ట్రిప్పులు పంచే స్నేహలత మేడంను బతిమాలి ఒక ట్రిప్పు తన పేరున రాయించుకున్నాడు. తాండూరు స్టేషన్, 2001 జూన్ పదకొండు, పొద్దున. యాకోబుకు ఒళ్లు మండింది. అది తను ఈ ఉద్యోగం ఇంటర్వ్యూకు పోయిన రోజు. పోస్టు కోసం తన పాత రోజుల్లో ఏదో గెలకడానికే పోతున్నాడని తీర్మానించుకున్నాడు. రుజువుతో వస్తానని మేడంకు చెప్పి, పేపరు అడ్డం పెట్టుకుని చివరి పెట్టెలో కూర్చున్నాడు.

తాండూరులో దిగేసరికి బెంచీ మీద ఇరవై రెండేళ్ల యాకోబు సర్టిఫికెట్ల కవరు గుండెకు హత్తుకుని గుర్రు పెడుతున్నాడు. వికారాబాద్ ప్యాసింజర్ కూత వేసింది.

"మీరంత జర గా దిక్కు చూడుండ్రి," అన్నాడు శంకరప్ప ప్రయాణికులతో. వాళ్లు అటు తిరగగానే పళ్లతో ముడి విప్పాడు. స్తంభం చాటు నుంచి యాకోబు ఫోన్‌లో ఫొటో కొట్టాడు. దొరికాడు!

శంకరప్ప పోయి నిద్రపోతున్నవాడి భుజం తట్టాడు. "లే తమ్మీ, బండి పోతది." వాడు కళ్లు తెరిచేలోపే గిర్రున తిరిగి నడిచాడు. ఒక మణికట్టు నుంచి ఎర్రంచు కండువా వేలాడుతోంది. స్తంభం దగ్గరకొచ్చి టపటపా మూడు లెంపలు వేసుకుని, మళ్లీ ముడి బిగించుకున్నాడు.

యాకోబు చేతిలో ఫోన్ బరువెక్కింది. ఆ రోజు తనను లేపిందెవరో అతనికి ఇప్పటిదాకా తెలియదు. వెనక నుంచి చూసిన ఎర్రంచు గుడ్డ ఒక్కటే గుర్తు. పోయిన నెల చాయ్ దగ్గర ఆ సంగతి చెబితే అందరూ నవ్వారు. శంకరప్ప మాత్రం ఏ బెంచీ, ఏ టైం అని అడిగి, "ఎవ్వరు లేపకపోతే ఎట్ల యాకోబూ?" అంటూ పరేషాన్ అయ్యాడు.

వికారాబాద్‌లో దిగగానే మేడం ఎదురొచ్చింది. రుజువు ఏదని అడిగింది. శంకరప్ప మొహం పాలిపోయింది.

యాకోబు ఫొటో చెరిపేసి, ఫోన్ జేబులో వేసుకుని, బుద్ధిగా చేతులు కట్టుకున్నాడు.

"చూసి వచ్చిన మేడం," అన్నాడు. "చేసేటిదేం లేదు."

మేడం వెళ్లిపోయింది. శంకరప్ప దగ్గరికొచ్చి చేతులు చాపాడు.

"గట్టిగ పడ్డది. జర ఇప్పు తమ్మీ."

యాకోబు విప్పాడు. కడుపుమంట ఇంకా కాస్త మిగిలే ఉంది కాబట్టి, కొంచెం నింపాదిగా విప్పాడు.