చెవి కొయ్యని గొర్రె

బషీరాబాద్ దాటినంక కర్ణాటక సరిహద్దుకు ఆనుకొని ఉంటది మా ఊరు. ఇంటింటికీ గొర్లే. గొర్ల చెవులకు ఇంటికో తీరు కోత పెడతం, గా గుర్తును బట్టే ఏది ఎవలదో తెలుస్తది. మూడేండ్ల కింద ఒకడు పొద్దుగాల షేర్ ఆటోల దిగి, మా దొడ్డి కాడికొచ్చి నీళ్లడిగిండు. అమ్మ చెంబెడు సల్ల ఇచ్చింది. తాగి, మూతి తుడుసుకొని, "అక్కా, నేను గొర్ల దొంగను. పోలీసులు ఎంటబడ్డరు. జర దాస్తవా?" అన్నడు.

నాకు మండింది. గొర్లున్న ఊరికొచ్చి గీ మాట చెప్పెటోనికి తలకాయ ఉందా? కట్టె అందుకున్న. అమ్మ నా దిక్కు సూడనే లేదు. ఆమె పానమంతా మూలకున్న గొర్రె మీదనే ఉంది. నాన్న సచ్చిపోయిన ఏడు పుట్టింది అది, దాన్ని చంటిపిల్ల లెక్క సాదింది. తొలిసూరు. నిన్నటి సంది ఈనలేక తన్నుకుంటున్నది.

"నీ దొంగతనం తర్వాత చెప్పు. ముందు గిది చూడు" అన్నది అమ్మ.

వాడు అంగీ ఇప్పి చేతికి నూనె రాసుకున్నడు. చెయ్యి లోపల పెట్టిండో లేదో, బైక్ మీద ఇద్దరు పోలీసులు దిగిండ్రు.

"చెయ్యి బయటికి తియ్యి" అన్నడు పెద్దాయన.

"తీస్తే గొర్రె సస్తది సార్. పిల్ల అడ్డం తిరిగింది."

అమ్మ నడుమ నిలబడ్డది. "నా గొర్రె సస్తే మిమ్ముల ఇడువ" అన్నది. ఏం జేస్తరు పాపం, బేడీలు జేబుల పెట్టుకొని పెద్దాయన గొర్రె కాళ్లు పట్టిండు. రెండో ఆయన నీళ్లు కాగబెట్టమని నన్ను పరేషాన్ చేసిండు.

కవలలు పుట్టినయి. గొర్రె లేసి నిలబడ్డది. అమ్మ ఏడ్సింది. కట్టె పట్టుకున్న నేను గుడ ఏడ్సిన.

మా దిక్కు కవలలు పుడితే, కాన్పు చేసినోనికి ఒక పిల్ల ఇయ్యాలె. అమ్మ తెచ్చి దొంగ ఒళ్లె పెట్టింది. పెద్దాయనకు ఫికర్ పట్టుకుంది.

"గొర్ల దొంగ చేతిల గొర్రెపిల్ల ఉంటే ఏమని రాయాలమ్మా?"

"నేనిచ్చిన అని రాయి."

"ఎవలు నమ్ముతరు?"

దొంగ గుడ తలకాయ ఊపిండు. "ఒద్దక్కా, ఉన్న కేసులు చాలు."

"అయితే నీ పిల్ల నా దగ్గరుంటది. ఇడిసిపెట్టినంక వచ్చి తీస్కపో" అన్నది అమ్మ. బైక్ మీద ఇద్దరి నడుమ కూసొని పోయిండు వాడు.

వాడు ఇప్పటిదాకా రాలే. గా పిల్ల ఇప్పుడు మస్తు పెరిగింది. మనది కాదని దాని చెవికి మా గుర్తు కొయ్యనియ్యదు అమ్మ. గుర్తు లేని గొర్రెను ఎవడు ఎత్తుకపోయినా, మాదని అడిగే మొకం ఉండదు. గందుకే గిన్ని గొర్లుండంగ, నేను దినమంతా కావలి కాసేది గా దొంగ గొర్రెకే. యాష్టకొచ్చి ఒకనాడు అమ్మ మీద ఎగిరిన.

"వాడొచ్చేసరికి అది లేకుంటే, మనమే దొంగలం" అన్నది అమ్మ.